కిలికి ఉత్త అరుపులు కాదండీ
ఒక వ్యాసంలో కిలికి అనే సినిమా భాషని 'భయపెట్టడానికి వేసిన అర్థం లేని కేకలు' అని ఒక్క ముక్కలో తేల్చేశారు. అలా కాదండీ. 2015లో వచ్చిన 'బాహుబలి'లో కాలకేయులనే క్రూరమైన తెగ కోసం తమిళ గీత రచయిత మదన్ కార్కి దీన్ని పనిగట్టుకుని తయారుచేశారు. దాదాపు 750 మాటలు, 40 వ్యాకరణ సూత్రాలు. 'మిన్' అంటే నేను, దాన్నే తిరగేస్తే 'నిమ్', అంటే నువ్వు. భలే ఆలోచన కదా!

చిన్నప్పుడు పెద్దవాళ్లకి తెలియకుండా మేం మాట్లాడుకున్న 'క' భాష గుర్తొచ్చింది. ప్రతి అక్షరానికి ముందు 'క' పెట్టాలి, 'కరాకము' అంటే రాము. (మా అమ్మకి రెండో రోజే అర్థమైపోయింది, అది వేరే సంగతి.) కానీ అది తెలుగుకి తొడిగిన ముసుగు, అంతే. అందులో కొత్త మాట ఒక్కటీ పుట్టదు. కిలికిలో మాటలే వేరు.

ఒక్కటి మాత్రం నాకూ నచ్చలేదు. కిలికిలో నాలుకతో 'టక్' మనిపించే చప్పుళ్లున్నాయి కదా, అవి దక్షిణాఫ్రికాలో ఖోసా, జులూ భాషల్లో నిజంగా ఉన్నాయి. అక్కడి తల్లులు వాటితోనే పిల్లల్ని జోకొడతారు. మనవాళ్లేమో తీసుకెళ్లి క్రూరుల నోట్లో పెట్టారు. ఖోసా మాట్లాడేవాళ్లు ఆ యుద్ధం సీను చూస్తే ఏమనుకుంటారో!