స్టేషన్‌కి దారి అమరావతి మీదుగా

ఉద్దానంలో ఓ జీడి ఫ్యాక్టరీ యజమానికి పోలీసు రక్షణ ఇమ్మని హైకోర్టు ఆదేశించిన రోజు నుంచి ఊళ్లో పెళ్లిసందడి. తోటి వ్యాపారులు శాలువా కప్పారు. జంక్షన్‌లో ఫ్లెక్సీ లేచింది. "సాధించావు బావూ" అంటూ ఎదురుపడినవాళ్లంతా చేతులు ఊపేస్తున్నారు. ఇంతకీ ఆయన సాధించింది ఏమిటయ్యా అంటే, పోలీసులు పోలీసు పని చేస్తారని రాతపూర్వకమైన హామీ.

కథ చిన్నదే. నెలనెలా మామూలు పంపకపోతే జీడిపిక్కల లారీ గేటు దాటదని ఒక పెద్దమనిషి కబురంపాడు. యజమాని అమాయకుడు, ఫిర్యాదు కాగితం పట్టుకుని స్టేషన్‌కి వెళ్లాడు. నడిచే వెళ్లొచ్చు, అంత దగ్గర. "మిమ్మల్ని కొట్టారా?" అని అడిగారు. లేదన్నాడు. "అయితే కొట్టాక రండి" అనలేదు, మన పోలీసులు మర్యాదస్తులు. "రాజీ చేసుకోండి" అన్నారు.

బెదిరించి డబ్బు గుంజితే భారతీయ న్యాయ సంహిత 308వ సెక్షన్ కింద ఏడేళ్ల దాకా జైలు. నేరం జరగకముందే అడ్డుకోవడం పోలీసు విధి అని నాగరిక్ సురక్షా సంహిత 168వ సెక్షన్ చెబుతోంది. కేసు కట్టదగిన నేరం ఫిర్యాదులో కనబడితే ఎఫ్‌ఐఆర్ రాయక తప్పదని లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు 2013లోనే తేల్చేసింది. కానీ ఇవన్నీ చదువుతూ కూర్చుంటే రాజీలు ఎవరు చేస్తారు?

అందుచేత ఆయన రైలెక్కి అమరావతి వెళ్లి, రక్షణ ఇప్పించమని రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేశాడు. రానూపోనూ వెయ్యి కిలోమీటర్ల పైమాటే. గొణక్కూడదు. 2019కి ముందైతే ఇదే పనికి హైదరాబాద్ పోవాల్సి వచ్చేది.

మొత్తానికి రక్షణ దిగింది. రక్షణ అంటే ఒక హోంగార్డు, ఒక లాఠీ. ఆ రక్షణకి కుర్చీ వేయాలి, ఫ్యాన్ తిప్పాలి, ఫోన్ ఛార్జింగ్‌కి ప్లగ్గు చూపించాలి. అవన్నీ అమరాక, టిఫిన్ వేళకి బుల్లెట్ మీద పెద్దమనిషి రానే వచ్చాడు. హోంగార్డు లేచి నిలబడ్డాడు.

"ఏటన్నా, ఇలగొచ్చావు?"

"ఏటీ నేదురా, ఊరికే."

ఇద్దరూ టీ తాగారు, యజమాని ఖాతాలో. డ్యూటీ ఎన్నింటికి మారుతుందని పెద్దమనిషి అడిగితే, హోంగార్డు వారం రోజుల షిఫ్టులూ వల్లించాడు, దసరా సెలవులతో సహా. తర్వాత పాయింట్ బుక్ తీసి "అంతా ప్రశాంతం" అని రాయబోతే పెన్ను రాయలేదు. పెద్దమనిషే జేబులోంచి తన పెన్ను తీసిచ్చాడు. వెళ్తూ వెళ్తూ యజమానిని ఆప్యాయంగా పలకరించాడు: "రక్షణ బాగుందా బావూ? లోటేటైనా ఉంటే సెప్పు, ఎస్సైగారితో నాను మాటాడతాను."

హోంగార్డుని నేనేమీ అనను. పాపం, డ్యూటీ దిగాక అతనూ ఆ ఊళ్లోనే ఉండాలి, అప్పుడు అతనికి హోంగార్డు ఉండడు.

యజమాని సంగతీ వదిలేయండి, ఆయనకి వకీలున్నాడు. లారీ ఆగిన రోజుల్లో లోపల పప్పు ఒలిచే ఆడవాళ్లకి కూలి లేదు. జీడినూనెకి వేళ్లు బొబ్బలెక్కిన ఆ మనుషులు ఎక్కడ వేస్తారు రిట్? సాయంత్రం ఇంటికి పోవాలంటే అదే బుల్లెట్ పక్కనుంచి తల దించుకుని పోవాలి. అగ్గిపెట్టె కొన్నా పన్ను కడుతున్నారే, ఆ డబ్బుతో కాదూ స్టేషన్‌లో లైటు వెలుగుతున్నది! నడిచి వెళ్తే దొరకాల్సిన దాన్ని హైకోర్టు దాకా పోయి తెచ్చుకోవాల్సి వస్తే, దానికి శాలువా కప్పుతారా? సిగ్గులేదూ మనకి? ఆ ఫ్లెక్సీ మీద ఎస్సైగారికి ధన్యవాదాలు కూడా చెప్పారు, ఫోటోతో!

గేటు బయట టీ కొట్టావిడ ఆ పెద్దమనిషికే రోజువారీ ఇచ్చుకుంటుంది. మొన్న కూడా హోంగార్డు ఎదురుగానే ఇచ్చింది. చూస్తూ ఊరుకున్నావేమని ఎవరో అడిగితే అతను ఆర్డర్ జిరాక్స్ విప్పి చూపించాడు. అందులో ఫ్యాక్టరీ పేరు మాత్రమే ఉంది.