నిబంధనే దిగొస్తే ఎలా?

2025 డిసెంబరు 5, శుక్రవారం ఒక్కరోజే వెయ్యికి పైగా ఇండిగో విమానాలు రద్దయ్యాయి. ప్రయాణికుల అగచాట్లు టీవీల్లో అందరూ చూశారు. అదే రోజు విమానయాన నియంత్రణ సంస్థ డీజీసీఏ చేసిన పని అంతకన్నా ప్రమాదకరం.

పైలట్ల వారపు విశ్రాంతిని 36 గంటల నుంచి 48కి పెంచుతూ, రాత్రి ల్యాండింగులను ఆరు నుంచి రెండుకు తగ్గిస్తూ 2024 జనవరిలో నిబంధనలు తెచ్చింది డీజీసీఏనే. కంపెనీలు మొరపెట్టుకుంటే వాయిదా వేసింది కూడా. పైలట్లు ఢిల్లీ హైకోర్టుకెళ్లి పోరాడితే తప్ప అవి అమలుకు రాలేదు. మొదటి విడత 2025 జులైలో, రెండోది నవంబరు 1న. అంటే దాదాపు రెండేళ్ల టైమ్. దేశంలో 60 శాతానికి పైగా విమాన ప్రయాణికులను చేరవేసే ఇండిగో అన్నాళ్లలో సరిపడా పైలట్లను సిద్ధం చేసుకోలేదు. అందుకే విమానాలు ఆగాయి. చివరికి దిగొచ్చింది మాత్రం నిబంధనే. రాత్రి డ్యూటీ పరిమితుల నుంచి ఇండిగోకు 2026 ఫిబ్రవరి 10 దాకా మినహాయింపు ఇచ్చారు. పైలట్ల సెలవును వారపు విశ్రాంతిగా లెక్కించకూడదన్న షరతునైతే అన్ని కంపెనీలకూ ఎత్తేశారు!

ప్రయాణికుల కోసమే ఈ సడలింపు అన్నారు. వాళ్ల కష్టం నిజమే. కానీ విజయవాడ పండిట్ నెహ్రూ బస్టాండులో రాత్రి హైదరాబాద్ బస్సు ఎక్కేవాళ్లు డ్రైవరు కళ్లు ఎర్రగా ఉంటే, 'కాస్త నిద్రపోయావా బాబూ' అని అడిగి గానీ కూర్చోరు. గన్నవరంలో విమానం ఎక్కేవాళ్లకు కాక్‌పిట్ తలుపు మూసి ఉంటుంది. వాళ్ల తరఫున ఆ మాట అడగాల్సింది డీజీసీఏ. అదే ఆ రోజు అడగడం మానేసింది.

ఇంత పెద్ద కంపెనీ చేతులెత్తేస్తే దేశమే ఆగిపోతుందన్న భయంతోనే ఈ మినహాయింపు. రేపు రెండో పెద్ద కంపెనీ వచ్చి మాకూ ఇవ్వమంటే ఏ ముఖంతో కాదంటారు? పట్టుమని పది విమానాలు లేని కంపెనీ ఇదే తప్పు చేస్తే ఇంత దయ చూపేవారా? 2012లో కింగ్‌ఫిషర్, 2019లో జెట్ ఎయిర్‌వేస్, 2023లో గో ఫస్ట్ ఆగిపోయాయి. మిగిలిన ఒకటి రెండు సంస్థల చేతికే ఆకాశం చిక్కుతుంటే ప్రభుత్వం చూస్తూ కూర్చుంది. ఫలితం మర్నాడు, శనివారం కనిపించింది. 500 కిలోమీటర్ల లోపు టికెట్ రూ.7,500 దాటకూడదని ప్రభుత్వమే గీత గీయాల్సి వచ్చింది. గట్టి పోటీ ఉంటే ఆ అవసరం వచ్చేదా?

పౌర విమానయాన మంత్రి రామ్మోహన్ నాయుడు మన శ్రీకాకుళం మనిషి. అందుకే సూటిగా అడుగుతున్నాం. ఫిబ్రవరి 10 తర్వాత ఒక్క రాత్రి కూడా పొడిగించబోమని మినహాయింపు ఇచ్చినప్పుడే రాతపూర్వకంగా ఎందుకు చెప్పలేదు? పైలట్ల నిద్ర మంత్రిత్వ శాఖ సొత్తూ కాదు, కంపెనీ సొత్తూ కాదు. దాన్ని బేరానికి పెట్టే హక్కు మీకెవరిచ్చారు?