పెంగ్విన్లకు మెట్లు, ప్రేక్షకుడికి గంతలు

2018లో బీబీసీ ‘డైనాస్టీస్’ సిరీస్‌లో ఎంపరర్ పెంగ్విన్ల భాగం ప్రసారమయ్యాక పెద్ద చర్చే నడిచింది. అంటార్కిటికాలో తుపాను తర్వాత కొన్ని పెంగ్విన్లు పిల్లలతో సహా లోతైన మంచు గుంతలో చిక్కుకుపోయాయి. చూస్తూ ఊరుకోలేక చిత్రబృందం మంచు తవ్వి వాలుగా దారి చేసింది. పెంగ్విన్లు దాని మీదుగా బయటపడ్డాయి. ప్రకృతి పనిలో వేలు పెట్టకూడదనే కట్టుబాటు తప్పారని కొందరు, మనిషన్నవాడు ఇంకేం చేస్తాడని కొందరు వాదించుకున్నారు.

నాకైతే ఆ పార చేసిన పనిలో తప్పేమీ కనబడదు. తవ్వారు, తవ్వినట్టు తెరమీదే చూపించారు. మనకు కనబడకుండా జరిగే జోక్యం సంగతే ఎవరూ పెద్దగా మాట్లాడరు.

దూరం నుంచి టెలిఫోటో లెన్స్‌తో తీసిన షాట్‌లో ఎలుగుబంటి అడుగుల చప్పుడు మైకుకు ఎలా అందుతుంది? మనం వినే ఆ కరకర చాలాసార్లు స్టూడియోలో ఫోలీ కళాకారులు, అంటే రకరకాల వస్తువులతో శబ్దాలు సృష్టించేవాళ్లు, పుట్టించిందే. బీబీసీ ‘ప్లానెట్ ఎర్త్ 2’ సిరీస్‌లో ఇగ్వానా (ఒక రకం పెద్ద బల్లి) పిల్ల పాముల నుంచి తప్పించుకునే దృశ్యం ఎంత టెన్షన్ పెట్టిందో గుర్తుందా? అందులో పరుగెత్తింది ఒకే ఇగ్వానా కాదు, వేర్వేరు ఇగ్వానాల షాట్లు కలిపి అతికారు. పైన సంగీతం. ఎవరి పక్షాన ఊపిరి బిగబట్టాలో మనకు ముందే నిర్ణయించి పెట్టారన్నమాట.

దీన్ని 1958 నాటి డిస్నీ ‘వైట్ వైల్డర్‌నెస్’తో ఒకే గాటన కట్టలేం. లెమ్మింగ్‌లు (ఎలుకల్లాంటి చిన్న జంతువులు) వాటంతటవే నీళ్లలో దూకి చస్తాయని చూపడానికి, కెనడాలో అవి బతకని ఆల్బర్టా రాష్ట్రానికి వాటిని మానిటోబా రాష్ట్రం నుంచి కొని తెచ్చి, కొండ అంచు నుంచి తోశారు. దానికి ఆస్కార్ కూడా వచ్చింది! 1982లో కెనడా టీవీ కార్యక్రమం ఒకటి ఆ గుట్టు బయటపెట్టింది. అది పచ్చి మోసం.

చిక్కంతా ఈ రెండింటికీ మధ్య ఉన్నవాటితోనే. 2011లో ‘ఫ్రోజెన్ ప్లానెట్’లో ధ్రువపు ఎలుగుబంటి పిల్లలను చూపిన గుహ నెదర్లాండ్స్ జూలోది. అడవి గుహలో కెమెరా పెడితే తల్లికీ పిల్లలకీ ముప్పే కాబట్టి జూకు వెళ్లడం సబబే. ఆ సంగతి వెబ్‌సైట్‌లో ఉందని బీబీసీ చెప్పింది. సన్నివేశం మధ్యలో చెబితే మూడ్ చెడిపోతుందని ఆ సిరీస్ వ్యాఖ్యాత డేవిడ్ అటెన్‌బరో సమర్థించుకున్నారు. ఇక్కడే ఆయనతో నాకు పేచీ. మధ్యలో వద్దు, సరే. ఈ సిరీస్‌ల భాగాల చివర చిత్రీకరణ ముచ్చట్లు చూపించడం మామూలే కదా! అక్కడ ఎక్కువగా కెమెరామెన్ పడ్డ పాట్లే ఉంటాయి. ఏ శబ్దం స్టూడియోలో పుట్టిందో, ఏ వేటలో ఎన్ని జంతువుల షాట్లు కలిశాయో చెప్పడానికి అందులో ఒక్క నిమిషం చాలు.