రెండో భూమి మళ్లీ దొరికింది

శాస్త్ర వార్తలను భక్తిశ్రద్ధలతో చదివే పాఠక మహాశయులకు శుభవార్త. రెండో భూమి మళ్లీ దొరికింది. కిందటిసారి దొరికిన రెండో భూమి ఏమైందని అడగడం మర్యాద కాదు. అంతకు ముందు దొరికినదాని ఊసు ఎత్తడం మరీ అమర్యాద. వార్త పక్కన యథావిధిగా బొమ్మ కూడా ఉన్నది. నీలి సముద్రం, దాని మీద తెల్లని మేఘాల తెరలు, ఒక వారగా గోధుమరంగు ఖండం, వెనుక ఎర్రటి సూర్యోదయం. బొమ్మ అడుగున, కళ్లజోడు ఉన్నవారికీ లేనివారికీ సమానంగా కనిపించనంత చిన్న అక్షరాలలో ‘ఊహాచిత్రం’ అన్న మాట ఉన్నది.

నిజానికి ఆ గ్రహాన్ని ఎవరూ చూడలేదు. సౌరమండలం బయట ఇప్పటిదాకా నిర్ధారణ అయిన గ్రహాలు 6,000 దాటాయి. వాటిలో అత్యధికం పరోక్షంగా దొరికినవే. గ్రహం తన నక్షత్రానికి అడ్డంగా వెళ్లినప్పుడు ఆ నక్షత్రపు వెలుగు రవ్వంత తగ్గుతుంది. దానిని బట్టి గ్రహం ఎంత పెద్దదో తెలుస్తుంది. గ్రహం లాగుతున్నందువల్ల నక్షత్రం కొద్దిగా అటూ ఇటూ ఊగుతుంది. దానిని బట్టి గ్రహం కనీసం ఎంత బరువుంటుందో తెలుస్తుంది. నేరుగా ఫొటోకు చిక్కినవి బహుకొద్ది. ఆ ఫొటోలలోనూ ఉండేది ఒక చుక్క, ఆ చుక్క మీద ఖండాలు ఉండవు.

కనుక ఆ గోధుమరంగు ఖండం ఎక్కడి నుంచి వచ్చిందన్నది విచారించదగిన విషయం. ఆ సమావేశం ఎలా జరిగి ఉంటుందో నేను మనసులో చిత్రించుకున్నాను. ఊహాచిత్రాలు వేసే హక్కు నాకు మాత్రం లేదా? శాస్త్రవేత్త ఒక గ్రాఫు తెచ్చి బల్ల మీద పరుస్తారు. సమంగా సాగిన చుక్కల వరుస, నడుమ ఒక చిన్న పల్లం. చిత్రకారుడు దానిని అటు తిప్పి ఇటు తిప్పి చూసి, “సముద్రం ఎంత పెట్టమంటారండీ?” అని అడుగుతాడు. “అసలు దానికి నేల ఉన్నదో లేదో మాకింకా తెలియదండీ” అంటారు శాస్త్రవేత్త. “అయితే నేల తగ్గించి సముద్రం పెంచుతాను, మీ మాటకూ భంగం రాదు.” “వాతావరణం ఉన్నదని కూడా రుజువు కాలేదండీ.” “అందుకేగా మేఘాలు పలుచగా వేస్తున్నాను!” ఇంతలో ప్రచార విభాగం అధికారి కలగజేసుకుని ఖండం మీద కాస్త పచ్చదనం ఉంటే బాగుంటుందని సూచిస్తారు. పచ్చదనం వేస్తే జీవం ఉన్నదని చెప్పినట్లవుతుందని శాస్త్రవేత్త భయపడతారు. గోధుమరంగులో ఒక్క చుక్క ఆకుపచ్చ కలపాలనీ, ఎవరైనా నిలదీస్తే అది ఖనిజమని చెప్పాలనీ రాజీ కుదురుతుంది. ఉత్సాహం ఆపుకోలేని చిత్రకారుడు రాత్రి వైపున దీపాల వెలుగులు కూడా పెట్టనా అంటాడు. అధికారి గంభీరంగా వారించి, “వద్దు వద్దు, మనం శాస్త్రీయంగా ఉండాలి” అంటారు. శాస్త్రవేత్త మరోసారి నోరు తెరుస్తారు. వచ్చే ఏడాది నిధుల దరఖాస్తు గుర్తుకు వచ్చి మూసుకుంటారు.

ఇదంతా నా పైత్యమని తోసిపుచ్చేవారికి కెప్లర్-452బి అనే గ్రహాన్ని చూపిస్తాను. 2015 జూలైలో నాసా దానిని భూమికి వయసులోనూ ఆకారంలోనూ పెద్దదైన బంధువుగా లోకానికి పరిచయం చేసింది. వ్యాసార్థం భూమి కన్నా 60 శాతం ఎక్కువ, ఏడాదికి 385 రోజులు. బరువెంతో ఎవరూ కొలవలేదు. 2018లో కొందరు ఖగోళ శాస్త్రవేత్తలు లెక్కలన్నీ తిరగేసి, ఆ పల్లం గ్రహం వల్ల వచ్చిందా, పరికరం చేసిన అల్లరా అన్నది ఖాయంగా చెప్పలేమని తేల్చారు. బంధుత్వం మాత్రం నేటికీ చెల్లుబాటులోనే ఉన్నది. పరిమాణం, బరువు చూసి బంధుత్వాలు కలిపే పక్షంలో పక్కింటి శుక్రుడి మాటేమిటి? వ్యాసార్థం భూమిలో 95 శాతం, ద్రవ్యరాశి 81 శాతం. ఉపరితలం మీద సీసం కరిగే వేడి, సుమారు 460 డిగ్రీల సెల్సియస్. అంత దగ్గరి చుట్టాన్ని చూసిరావడానికి ఎవరూ మూటాముల్లె సర్దుకోవడం లేదు.

2010లో గ్లీజ్ 581 అనే నక్షత్రం చుట్టూ గ్లీజ్ 581జి అనే గ్రహం దొరికింది. అక్కడ జీవం ఉండే అవకాశం నూటికి నూరు పాళ్లని తన సొంత నమ్మకాన్ని ఆవిష్కర్తలలో ఒకరు విలేఖరులకు చెప్పారు. జీవం సంగతి అటుంచి, గ్రహమే లేదని, అది నక్షత్రపు అయస్కాంత కల్లోలం సృష్టించిన భ్రమేనని 2014లో మరొక బృందం చూపించింది. 2019లో కె2-18బి అనే గ్రహం మీద నీటి ఆవిరి దొరికిందని పతాక శీర్షికలు వచ్చాయి. 2023లో జేమ్స్ వెబ్ టెలిస్కోపు అక్కడ చూసింది మీథేన్‌ను, కార్బన్ డయాక్సైడ్‌ను. నీటి జాడగా పొరబడింది మీథేన్‌నే కావచ్చునని తేలింది. 2025 ఏప్రిల్‌లో అదే గ్రహం మీద డైమిథైల్ సల్ఫైడ్, అంటే భూమి మీద ప్రధానంగా సముద్రపు సూక్ష్మజీవులు విడిచే వాయువు, ఉన్నదన్నారు. ఇతర బృందాలు అవే కొలతలను మళ్లీ పరిశీలించి, ఆధారం చాలదన్నాయి. ఆవిరి వచ్చినప్పుడు మొదటి పేజీ, మీథేన్ అయినప్పుడు మౌనం.

గ్లీజ్ 581 చుట్టూ ఆ గ్రహం లేదని తేల్చినవారు ఏళ్ల తరబడి పోగుపడిన కొలతలను మళ్లీ మొదటి నుంచి జల్లెడ పట్టారు. వారి పనికి ఎవరూ బొమ్మ గీయలేదు. లేని సముద్రానికి గీశారు! అసలు ఘనకార్యం ఏదో ఒక్కసారి చూడండి. దూరం నుంచి చూసేవారికి, భూమి అడ్డుపడితే సూర్యుడి వెలుగులో తగ్గేది పది లక్షల పాళ్లలో 84 పాళ్లు. భూమి లాగుడుకు సూర్యుడు ఊగే వేగం సెకనుకు 9 సెంటీమీటర్లు, పసిబిడ్డ పాకుడు కన్నా నెమ్మది. విలియం బొరూకి అనే నాసా శాస్త్రవేత్త, అంతరిక్షం నుంచి లక్షకు పైగా నక్షత్రాల వెలుగును ఒకేసారి కొలిచి గ్రహాలను పట్టవచ్చునని 1990లలో నాసాకు నాలుగుసార్లు ప్రతిపాదన పెడితే, ఒకసారి కొలత అసాధ్యమని, ఒకసారి ఖర్చు భరించలేమని, నాలుగుసార్లూ తిప్పి పంపారు. ఆయన ప్రయోగశాలలో చేసి చూపించి, ఐదోసారి ఒప్పించారు. అలా 2009లో ఎగిరిన కెప్లర్ టెలిస్కోపుకు 2018లో ఇంధనం అయిపోయింది. అది పట్టి ఇచ్చిన గ్రహాలు 2,600 పైచిలుకు. అంత చాకిరీతో సంపాదించిన ఆ చిన్న పల్లం పాఠకుడికి అర్థం కాదని తీర్మానించడానికి, పత్రికలవారూ, మీరెవరు? మార్కెట్ సూచీలు పడిపోయిన రోజున గ్రాఫును పేజీ అడ్డంగా పరుస్తారే, అప్పుడు అర్థమయ్యే పాఠకుడికి నక్షత్రం మసకబారిన గ్రాఫు ఎందుకు అర్థం కాదు? మేఘాలు చూపిస్తే తప్ప తల ఎత్తని పసివాళ్లమా మేము?

వలస వెళ్లడానికి తొందరపడేవారు కూడా ఉన్నారు కనుక వారికి ఒక లెక్క. అతి సమీప నక్షత్రపు గ్రహం ప్రాక్సిమా సెంటారీ బి దూరం 4.24 కాంతి సంవత్సరాలు, అంటే వెలుగుకే అక్కడికి చేరడానికి అన్నేళ్లు పడుతుంది. వాయేజర్-1 అంతరిక్ష నౌక వేగంతో 75,000 ఏళ్ల ప్రయాణం. చేరాక ఏమున్నదో తెలియదు. దాని నక్షత్రం మాత్రం తరచూ భగ్గుమంటుంది.

చిత్రకారుడికి పని పోతుందని ఎవరూ బెంగపడనక్కర్లేదు. 2017లో ట్రాపిస్ట్-1 నక్షత్రం చుట్టూ ఏడు గ్రహాలున్నాయని ప్రకటించినప్పుడు సముద్రాల బొమ్మలు ధారాళంగా వచ్చాయి. 2023లో వెబ్ టెలిస్కోపు వాటిలో లోపలి గ్రహం నుంచి వచ్చే వేడిని కొలిచింది. పగటి వైపు సుమారు 230 డిగ్రీలు. చెప్పుకోదగ్గ వాతావరణం ఉన్న ఆనవాలు లేదు. బొమ్మ కావలసిందేనంటే ఆ బోడి రాయిని వేయండి, మేఘం లేకుండా, ఖండం లేకుండా, నల్లగా. కింద పెద్ద అక్షరాలలో రాయండి: 40 కాంతి సంవత్సరాల దూరాన ఉన్న ఈ రాయి వేడిని మనుషులు కొలిచారు.