సుభద్రది బెజవాడ, రేవతిది గుంటూరు

1957లో వచ్చిన 'మాయాబజార్'ను టీవీలో ఇప్పుడు వేసినా ఇంటిల్లిపాదీ కూర్చుని చూస్తాం. అందులో ఘటోత్కచుడిగా వేసిందెవరు, శశిరేఖగా వేసిందెవరు అనడిగితే చిన్నపిల్లలైనా చెబుతారు. ఆస్తి పోయిన ఆడపడుచుకు ఇచ్చిన మాట తప్పి, కూతుర్ని దుర్యోధనుడి ఇంటికి పంపడానికి సిద్ధపడ్డ రేవతిగా వేసిందెవరు? అడవిలో కొడుకు స్పృహ తప్పితే తానే విల్లందుకున్న సుభద్రగా వేసిందెవరు? మన విజయవాడ, గుంటూరు నగరాల్లో ఎంతమంది తడుముకోకుండా చెప్పగలరు?

సుభద్రగా వేసిన ఋష్యేంద్రమణి పుట్టింది విజయవాడలో. రేవతిగా వేసిన ఛాయాదేవిది గుంటూరు. శశిరేఖగా వేసిన సావిత్రిది గుంటూరు జిల్లా చిర్రావూరు. తల్లీ, కూతురూ, మేనత్తా ముగ్గురూ మన గడ్డ మీద పుట్టినవాళ్లే. సావిత్రిని గుండెల్లో పెట్టుకున్నాం. మిగిలిన ఇద్దరినీ వేషాలతో గుర్తుపెట్టుకుని, పేర్లతో మరిచిపోయాం.

ఋష్యేంద్రమణి 1942లో 'పత్ని' చిత్రంలో తమిళ కావ్యనాయిక కన్నగిగా కథంతా తన మీద మోసిన కథానాయిక. నాటకాల్లో పాడి, ఆడి పెరిగిన మనిషి. పదిహేనేళ్లు తిరిగేసరికి అభిమన్యుడికి తల్లి అయ్యారు. ఆమెకు, కొడుకుగా వేసిన అక్కినేనికి పదేళ్ల తేడా కూడా లేదు. ఛాయాదేవి సావిత్రికి తల్లిగా వేసేనాటికి వయసు ముప్పై దరిదాపుల్లోనే. హీరో వయసు పెరిగినా హీరోగానే ఉంటాడు. నటి మాత్రం ముప్పై దాటగానే జుట్టుకు తెల్లరంగు పూసుకుని అమ్మ, అత్త, పిన్ని అయిపోవాలి. ఆ తొందరలోనూ వాళ్లు పాత్రల్ని చిన్నబుచ్చలేదు. 'గుండమ్మ కథ'లో ఆ గుండమ్మకే చుక్కలు చూపించిన దుర్గగా ఛాయాదేవిని చూసినవాళ్లకు ఈ మాట విడమరిచి చెప్పనక్కర్లేదు. సూర్యకాంతానికి ఎదురు నిలబడి నెగ్గుకురావడం ఆషామాషీ వ్యవహారం కాదు.

ఇప్పటి క్యారెక్టర్ నటీమణుల బతుకు చాలావరకు టీవీ సీరియళ్ల మీదే నడుస్తోంది. కృష్ణా, గుంటూరు జిల్లాల పరిషత్తు నాటకాలు, అంటే పోటీ నాటకాలు, వీళ్లలో చాలామందికి బడి. నాటకానికి నటి దొరకడమే కష్టం కాబట్టి, ఒకే రాత్రి ఒక నాటకంలో కోడలిగా, మరో నాటకంలో ముసలమ్మగా స్టేజీ ఎక్కిన వాళ్లున్నారు. అక్కణ్నుంచి హైదరాబాద్ రాత్రి బండి. చేతిలో ఒక సూట్‌కేసు. అందులో పట్టుచీరలు రెండు, నేతచీరలు నాలుగు, రోల్డ్‌గోల్డ్ నగలు, మట్టిగాజులు, కథలో భర్త పోతే కట్టుకోవడానికి ఒక తెల్లచీర. చిన్న వేషాలకు చాలాచోట్ల బట్టలు ఎవరివి వాళ్లే తెచ్చుకోవాలి. డబ్బు రోజు లెక్క. రేటింగు పడిపోయి కథ మలుపు తిరిగిందంటే అత్తగారు అమెరికా వెళ్లిపోతుంది, లేదా ఫొటోకి దండ పడుతుంది. పొద్దున్న షూటింగ్ ఉందో లేదో తెలియని టెన్షన్‌తో ఏళ్లకేళ్లు బతకడం ఎలా ఉంటుందో, రాత్రి భోజనాల వేళ ఆ సీరియల్ చూసే మనం ఆలోచించామా?

పేరు విషయమూ అంతే. సీరియల్ చివర టైటిల్స్ వేసినా చదవనివ్వరు, పరుగెత్తించేస్తారు. ఓటీటీలో టైటిల్స్ దాటేయడానికి ఒక బటనే ఉంది. ఇది చిన్న విషయమని మేము అనుకోవడం లేదు. ముప్పై ఏళ్లు నటించిన మనిషి రేపు కళాకారుల పింఛనుకు దరఖాస్తు పెట్టుకుంటే, నటించినట్టు రుజువు ఏదంటారు. తెర మీద పేరే కనబడని మనిషి ఏం చూపించాలి?

అందుకే మేము అడిగేవి పెద్ద కోరికలు కావు. క్యారెక్టర్ నటుల పేర్లు, వేసిన పాత్రతో సహా, చదవగలిగేంత సేపు తెర మీద ఉంచాలి. రోజు కూలీకి చేసిన పనికైనా నిర్మాత సంతకంతో ఒక కాగితం ఇవ్వాలి. పింఛను ఇచ్చే అధికారులు నాటక సమాజాల ధ్రువపత్రాన్ని, పాత కరపత్రాన్ని కూడా రుజువుగా తీసుకోవాలి. రెండు నగరపాలక సంస్థలకూ మరో మాట. విజయవాడ తుమ్మలపల్లి వారి క్షేత్రయ్య కళాక్షేత్రంలో ఋష్యేంద్రమణి చిత్రపటం, గుంటూరు వేంకటేశ్వర విజ్ఞానమందిరంలో ఛాయాదేవి చిత్రపటం ఉండాలి. నాటకం వేయడానికి లోపలికి వెళ్లే అమ్మాయిలకు ఎదురుగా కనబడేచోట, పేరు పెద్దక్షరాలతో రాసి పెట్టాలి.