ఐదు సెంట్ల చదరం

నాన్నగారు వదిలివెళ్ళిన పది సెంట్ల కొబ్బరి దొడ్డి అచ్చంగా చదరం. సెంటుకి 48.4 చదరపు గజాల చొప్పున 484 చదరపు గజాలు, భుజం 22 గజాలు. అన్నయ్యా నేనూ చెరిసగం అనుకున్నాం. మధ్యలో ఓ గీత గీస్తే తీరిపోయేది. నా ఐదు సెంట్లూ కాలవ వేపు మూలలో చదరంగానే కావాలని పేచీ పెట్టింది నేనే. పొడుగు స్థలంలో ఇల్లు కడితే రైలుపెట్టెలా ఉంటుంది మరి.

"సరే, భుజమెంతో తేల్చు. మిగిలింది నాది" అన్నాడు అన్నయ్య.

మేస్త్రి తాడుచుట్టతో వచ్చి గట్టు మీద కూర్చున్నాడు. పదో తరగతి మేనల్లుణ్ణి పిలిచి, 242కి వర్గమూలం ఎంతరా అన్నాను. వాడు ఫోనైనా తియ్యకుండా "ఇర్రేషనల్ మావయ్యా" అన్నాడు.

అక్కడే నా కొంప మునిగింది. రేషనల్, ఇర్రేషనల్ సంఖ్యల్లో మా తెలుగు మీడియంలో ఒకటి కరణీయం, ఇంకోటి అకరణీయం. ఇంగ్లీషులో 'ఇర్' ఉంటే తెలుగులో 'అ' ఉండాలి కదా! అంచేత అకరణీయం, అంచేత భిన్నం రూపంలో రాయొచ్చు, అంచేత అంకెలు ఎక్కడో తెగుతాయి, లేదంటే ఒకే వరస తిరిగొస్తుంది అనుకున్నాను. తీరా ఆ 'అ' తగిలించింది అలా భిన్నం రూపంలో రాయగలిగే రేషనల్‌కిట.

వీధరుగు మీద సుద్దముక్కతో భాగహారం మొదలెట్టాను. 15, చుక్క, 5, 5, 6, 3, 4, 9... అరుగు అయిపోయింది, స్తంభం ఎక్కాను.

"ఆయ్, ఇంకా ఎన్నున్నాయండీ?" అన్నాడు మేస్త్రి.

"వచ్చేసింది, వచ్చేసింది."

మేనల్లుడికి జాలేసింది. "మావయ్యా, 2, 3, 7, 8... వీటితో ముగిసే సంఖ్య ఏదీ పూర్ణవర్గం కాదు. విడగొట్టి చూడు: రెండు, పదకొండు, పదకొండు. పదకొండ్లు జంటగా బైటికొచ్చేస్తాయి. రెండుకి జోడీ లేదు, రూట్ కిందే ఉండిపోతుంది. అంకెలు తెగవు, వరసా తిరిగి రాదు. ఇది కరణీయం."

"ఫోనులో 15.5563491861 దగ్గర ఆగిపోయింది కదరా?"

"ఆగింది ఫోను."

మా ఆవిడ చల్లారిన కాఫీ గ్లాసు తీస్తూ, "కరణీయమంటే కరణంగారు చూసుకోవాల్సిన పనేమో, మీకెందుకూ?" అంది.

ఈలోగా మేస్త్రి లేచాడు. కొబ్బరితాడు కొస ఈశాన్యం రాయికి కట్టి, నైరుతి రాయి దాకా బిగలాగి అక్కడ కోశాడు. రెండు కొసలూ కలిపి సగానికి మడిచి, మడత దగ్గర ముడేశాడు. తాడు పీచు చేతికి గుచ్చుకుంటే విదిలించుకుంటూ "ఇదేనండి తవరి భుజం" అన్నాడు.

మేనల్లుడు నోరెళ్ళబెట్టాడు. 22 గజాల చదరానికి కర్ణం 22 రూట్ 2. అందులో సగం 11 రూట్ 2. వర్గం చేస్తే సరిగ్గా 242!

నాలుగు మేకులూ దిగాక అన్నయ్య వచ్చి తన వాటా చూసుకున్నాడు. ఆరున్నర గజాల వెడల్పైనా లేని పట్టీ, నా చదరం చుట్టూ కొడవల్లా వంగి ఉంది.

"ఇందులో ఇల్లు కడితే మీ వదిన వంటింట్లోంచి నాకు కాఫీ పడవ మీద పంపాలిరా!"

మేస్త్రి మారుమాట లేకుండా మేకులు పీకి, దొడ్డికి నడిమధ్య ఒకటే తాడు లాగాడు. నాకు 11 గజాలు, అన్నయ్యకి 11 గజాలు. మా ఆవిడ బకెట్టూ చీపురూ తెచ్చి అరుగు మీద పెట్టింది.