తాళం వేసుకున్న మోటారు డబ్బా గారికి

మహారాజశ్రీ బోరు మోటారు స్టార్టర్ డబ్బా గారి సముఖానికి, కింది పోర్షన్‌లో కిరాయికి ఉండేవాడు నమస్కరించి రాసుకునే లేఖ.

పొద్దున ఓనర్ గారు ఈ నెల కిరాయి చిట్టీ పంపారు. కిరాయి, కరెంటు, చెత్త బండి పైసలు అన్నీ ఎప్పటిలాగే ఉన్నాయి. వాటి కింద ఎర్ర పెన్నుతో ఇంకో లైను: 'పెండ్లినాడు మోటారు ఎక్స్‌ట్రా వాడకం – 600'. ఆ రోజు తమరు ఎప్పుడు తిరిగారో, ఎవరి కోసం తిరిగారో తమరి నోటితోనే వినాలని ఉంది.

తమరి హోదా నాకు తెలియంది కాదు. ఒక ఆకుపచ్చ బటన్, ఒక ఎర్ర బటన్, పైన వెంకటేశ్వరస్వామి స్టిక్కరు, దాని పక్కన పసుపు కుంకుమ. దసరాకు ఓనర్ గారి కొత్త కారు కన్నా ముందు తమరికే కొబ్బరికాయ. తమరికో ఇనుప తలుపు, దానికో తాళం, ఆ తాళంచెవి ఓనర్ గారి మొలతాడుకు. పొద్దున పావుగంట తిరుగుతారు. ట్యాంకు నిండిందా లేదా అన్నది తమరికీ ఆయనకూ మధ్య వ్యవహారం, మాకు తెలియాల్సిన పని లేదు.

మా బిడ్డ పెండ్లి ఇంటి దగ్గరే ఎందుకు పెట్టుకున్నావని మీరడగరు, ఊరంతా అడిగింది. మూఢం పోగానే ముహూర్తాలన్నీ ఒక్కసారే వచ్చిపడ్డాయి. ఖాళీగా ఉన్న హాలుకు పోతే కిరాయి ఒకటి, జనరేటర్ డీజిల్ ఒకటి, క్లీనింగ్ ఒకటి, డెకరేషన్ తమ మనుషులతోనే చేయించాలన్న షరతు ఇంకొకటి. ఆడపిల్ల పెండ్లికి సర్కారు ఇచ్చే కల్యాణలక్ష్మి 1,00,116 రూపాయలు హాలు గేటు దాటకముందే అయిపోతాయి. అదీ పెండ్లయ్యాక ఎప్పుడో వచ్చే చెక్కు. 1955 నాటి హిందూ వివాహ చట్టం, ఏడో సెక్షన్ ఏడడుగుల సంగతి చెప్పింది కానీ అవి ఏసీ హాల్లోనే వేయాలని చెప్పలేదు, సొంతింట్లోనే వేయాలనీ చెప్పలేదు. మా పదకొండు నెలల అగ్రిమెంటులో కూడా పెండ్లి చేయొద్దని లేదు. గోడకు మేకులు కొట్టొద్దని ఉంది, కొట్టలేదు. గచ్చు పగలొద్దన్నారు, పందిరి గుంజలను ఇసుక నింపిన పెయింట్ డబ్బాల్లో నిలబెట్టాం. నేరేడు కొమ్మల బరువుకు అవి ఒక పక్కకు ఒరిగితే మా బామ్మర్ది లగ్నం అయ్యేదాకా ఒక గుంజను పట్టుకునే నిలబడ్డాడు. ఫొటోల్లో ఆయన ముఖం చూడాలి.

నీళ్ల సంగతి మాత్రం ముందే అడిగాను. "నీ బిడ్డ పెండ్లంటే నా బిడ్డ పెండ్లి కాదా? ఆ రోజు మోటారు బంద్ చేసేదే లేదు" అన్నారు ఓనర్ గారు. తమరి మీద చెయ్యేసి మరీ అన్నారు. తమరే సాక్షి.

పెండ్లినాడు తెల్లవారుజామున మైలపోలు. బిడ్డను పీట మీద కూర్చోబెట్టి ముత్తైదువలు నలుగు పెట్టారు. నెత్తికి నూనె, ఒంటినిండా పసుపు, శనగపిండి. నల్లా తిప్పితే గాలి వచ్చింది. పైకి పోయి చూస్తే గేటుకు తాళం. ఓనర్ గారు కుటుంబ సమేతంగా మిర్యాలగూడలో ఇంకో లగ్గానికి పోయారు, మొలతాడు ఆయనతో పోయింది, తాళంచెవి మొలతాడుతో పోయింది. ఫోన్ చేస్తే కవరేజ్ ఏరియాలో లేరు. బిడ్డ ఒంటి మీద పిండి ఎండి పగుళ్లు బారుతోంది. నవ్వితే బుగ్గ మీద పెచ్చు ఊడుతుందని అది నవ్వడం కూడా మానేసింది.

నల్గొండలో పుట్టినవాడికి నీళ్ల బాధ కొత్త కాదు. పటిక, సున్నం కలిపి నీళ్లలో ఫ్లోరైడ్ తీసే పద్ధతికి 1970లలో నాగ్‌పూర్ నీరి సంస్థ వాళ్లు 'నల్గొండ టెక్నిక్' అని మా ఊరి పేరే పెట్టారు. అయితే ఆ టెక్నిక్ పనిచేయాలన్నా ముందు బిందెలో నీళ్లుండాలి కదా, డబ్బా గారూ.

ట్యాంకర్ పిలిచాం. వచ్చింది, గల్లీ మొదట్లో ఆగింది. కరెంటు స్తంభం నుంచి ఎదురింటి ప్రహరీ దాకా మా షామియానానే అడ్డం. "టెంటు విప్పుండ్రి" అన్నాడు డ్రైవర్. "విప్పితే మళ్ల కట్టుడు నాతోని కాదు" అన్నాడు టెంటు పిల్లగాడు. పైపు పక్కింటి గేటు దాకే అందింది. అక్కడి నుంచి మా ఆడవాళ్లు పట్టుచీరలు ఎగ్గట్టి, వరుసగా నిలబడి, బిందె చేతికి బిందె అందించుకున్నారు. సరిగ్గా అప్పుడే మగపెండ్లివారు దిగారు. ఎదుర్కోళ్ల బ్యాండు ట్యాంకర్ వెనకాల ఇరుక్కుని అక్కడే వాయించుకుంటోంది. ఫొటోగ్రాఫర్ ఇదేదో మా ఇంటి ఆనవాయితీ అనుకుని డ్రోన్ దాని మీదే తిప్పాడు. "మీలో బిందెల వరుస ఆచారమా?" అని పెండ్లికొడుకు మేనత్త అడిగింది కూడా.

ఆ మేనత్త గారి సంగతి వేరే చెప్పాలి. హైదరాబాద్ వనస్థలిపురం నుంచి వచ్చారు. మంచినీళ్ల గ్లాసు ఇస్తే "అమ్మో, నల్గొండ నీళ్లు మేం ముట్టం" అన్నారు. అమ్మా, మీ ఇంటి నల్లాలో వచ్చే కృష్ణ నీళ్లు మా అక్కంపల్లి రిజర్వాయర్ నుంచి, మా కోదండాపూర్‌లో శుద్ధి అయ్యి మీ దాకా వస్తున్నాయి. మా జిల్లా దాటి మీకు అందుతాయి కానీ మా గల్లీ దాటి మా ఇంటికి అందవు. ఇదంతా వియ్యపురాలి వైపు మనిషితో అనలేక నవ్వి ఊరుకున్నాను. అల్లుడి కాళ్లు ఇరవై లీటర్ల క్యాను నీళ్లతో కడిగాం. కన్యాదానానికి ధార పోయడానికి వాటర్ బాటిల్ మూత తిప్పాం. మూత టక్కుమంటే పంతులు గారు ఒక్క క్షణం మంత్రం ఆపి చూశారు.

ఇక తమరి పని. సాయంత్రం నాలుగింటికి, పంక్తులు లేచి, ఇస్తరాకులు ఎత్తేసి, అప్పగింతలు నడుస్తుండగా ఓనర్ గారు దిగారు. నేరుగా తమరి దగ్గరికి వచ్చి తాళం తీసి, ఆకుపచ్చ బటన్ నొక్కి, "చూడుండ్రి, నేను మాటంటే మాటే" అని బగారా అన్నం తినడానికి కూర్చున్నారు. తిన్నారు. రెండోసారి వడ్డించుకున్నారు. ట్యాంకు నిండింది, పొర్లింది, నీళ్లు డాబా మీది నుంచి షామియానా మీద పడ్డాయి. గుడ్డ కడుపులా ఉబ్బి, ఉబ్బి, మా బిడ్డ వాళ్లమ్మ మెడ పట్టుకుని ఏడుస్తున్న చోటనే పిగిలింది. వీడియోలో ఎవరు ఏడుస్తున్నారో, ఎవరు తడిశారో ఇప్పటికీ తెలియడం లేదు.

ఆ నీళ్లకా ఆరు వందలు? పసుపు పిండి ఎండిపోతుంటే ఒక్క చెంబుకు తిరగనిదానివి, పెండ్లి పందిరి మీద పోయడానికి తిరిగావు. దానికి నేను బిల్లు కట్టాలా? ట్యాంకర్‌కు నేనిచ్చింది ఎవడిస్తాడు? షామియానా చిరిగిందని టెంటు హౌస్ వాడు పట్టుకున్న పైసలు ఎవడిస్తాడు? దసరాకు కొబ్బరికాయ కొట్టించుకున్నావు కదా, నువ్వే చెప్పు.

మా చిన్నది డిగ్రీ ఫైనలియర్. దాని పెండ్లి కూడా ఈ ఇంట్లోనే, ఈ గచ్చు మీదనే చేస్తాను. హాళ్ల రేట్లు అప్పటికి తగ్గేవి కావు. ఆ రోజు కోడి కూయకముందే గడ్డపార తెచ్చి నీ తాళం పగలగొడతాను. కొత్త తాళం పైసలు ఆ నెల కిరాయి చిట్టీలో ఎర్ర పెన్నుతో రాసుకొమ్మను.

ఇట్లు,
కింది పోర్షన్